సుశ్రుతోక్త సోమలతా విమర్శనము

జరామరణములను బోఁగొట్టి, గడచిపోయిన యౌవనమును మరలఁ దెచ్చు నోషధి యొకటి కలదని మన వైద్యగ్రంథములు చెప్పుచున్నవి. దాని పేరు సోమము. ఈ యోషధిని గూర్చి లోకమున రెండు విధములగు నభిప్రాయములు ప్రబలియున్నవి. అది పూర్వము యథార్థముగా నుండెననియుఁ గలిప్రభావముచే నేఁడు కానరాకున్నదనియుఁ గొందఱందురు. అది వట్టి కట్టుకథ యని మఱికొందఱందురు. ఈ రెండును సరికావని నా తలంపు. వైద్యులు వర్ణించిన యీ తీఁగ యడవిలోఁ బుట్టినది కాదు. సోమము, పర్వము, కల యను మూఁడు శబ్దములు కాలక్రమమున నొకదానితో నొకటి పెనవైచికొనఁగాఁ బుట్టినది. ఆ పుట్టుకను యథామతిగా నిరూపించుటయే యీ వ్యాసమున కుద్దేశము.

మొదట సుశ్రుతుని మాటను జూతము. ఆయన వ్యాధులను విభజించుచు స్వాభావికములని యొక తెగను జెప్పినాఁడు. ఆఁకలి, దప్పి, ముదిమి, చావు, నిద్ర మొదలగునవి యీ తెగలోనివి. పుట్టిన ప్రాణికిఁ గాలమే తెచ్చిపెట్టునట్టివి యివి. వీనిని వారించుట వైద్యుని చేతఁ గాని పని యని యెవరైనను దలంతురు. కాని చికిత్సితస్థానమున 29వ యధ్యాయమునకు స్వభావవ్యాధిప్రతిషేధనీయమను పేరే యున్నది. కాలము చేయు పనికి మందు పెట్టుటయే యిందలి ప్రతిజ్ఞ.

బ్రహ్మాదులు జరామృత్యువుల వినాశమునకై సోమమను నమృతమును సృజించిరనియు, అది యొక్కటియే యయ్యును స్థానము, పేరు, ఆకృతి, వీర్యము అను భేదములచే 24 విధము లైనదనియు సుశ్రుతుఁడు చెప్పుచున్నాఁడు. అన్నిటికిని సమానమైన లక్షణ మొక్కటి కలదు. ప్రతి సోమమునకును 15 ఆకులుండును. శుక్లపక్షమున దినమున కొక్క యాకు చొప్పున మొలచును. పూర్ణిమనాఁటికిఁ బదునైదును నిండును. కృష్ణపక్షమున దినమున కొక్కటి చొప్పున రాలును. అమావాస్యనాఁటికి వట్టి తీఁగ మాత్రమే మిగులును. అనఁగా నీ తీఁగను జూచి తిథి చెప్పవచ్చును. పంచాంగముతోఁ బని లేదు.

దాని నుపయోగించు విధానమును సుశ్రుతుఁడు మిక్కిలి విస్తరముగా వర్ణించినాఁడు. సోమము సేవింపఁగోరువాఁడు మంచి తావున మూఁడావరణములు గల గృహమును గట్టించుకొని, దేహశుద్ధి చేసికొని, శుభముహూర్తమున లోపలఁ బ్రవేశించును. అంశుమంతమను సోమమును యజ్ఞవిధానమునఁ దెచ్చి, దాని కందమును బంగారు సూదితో గ్రుచ్చి, కాఱిన పాలను పాత్రలోఁ బట్టి, రుచి చూడక యొక్కసారిగాఁ ద్రావవలెను. పిమ్మట జరుగునది భయంకరము. నెత్తురుతోను గ్రిములతోను వమనమగును. నాలవనాఁటికి దేహము వాచి యంగములన్నిటినుండియుఁ గ్రిములు వెలువడును. ఏడవనాఁటికి మాంసమంతయుఁ దఱిఁగి తోలును నెముకలును మాత్రమే మిగులును. సోమబలముచేతనే యూపిరి నిలుచును. ఎనిమిదవనాఁడు మాంసము పూరించుకొనును, చర్మము పగులును, పండ్లు, గోళ్లు, వెండ్రుకలు రాలిపోవును. తరువాతి దినములలోఁ గ్రొత్త చర్మము గట్టిపడును. 17, 18వ దినములకు వజ్రమువలె మెఱయు పండ్లు వచ్చును. పగడములవంటి గోళ్లును, క్రొత్త వెండ్రుకలును మొలచును. ఇట్లు క్రొత్త దేహమును బొందినవాఁడు 10,000 సంవత్సరములు యువకుఁడై యుండునని ఫలశ్రుతి.

చరకసంహితయందును రసాయనప్రకరణమున సోమము ప్రశంసింపఁబడినది. అచ్చటను సోమము ఓషధులకు రాజు. అచ్చటను జంద్రునివలెఁ బెరుఁగుచుఁ దఱుఁగుచు నుండును. కాని యొక భేదము గమనింపఁదగియున్నది. సుశ్రుతుఁడు 15 ఆకులనఁగాఁ జరకుఁడు 15 పర్వములనుచున్నాఁడు. ఈ చిన్న భేదమే నా విచారమునకు మూలము. దానికిఁ బిమ్మట వత్తును.

ఇఁక వేదమునకుఁ బోదము. ఋగ్వేదమున నవమమండలమందలి 114 సూక్తములును బవమానసోమమును గూర్చినవే. అందుఁ బ్రశంసింపఁబడిన సోమము చేత నందుకొనఁదగిన వస్తువు. ఱాళ్లతో దంచుదురు, ఉన్నితో వడకట్టుదురు, పాలతోఁ గలుపుదురు. సోమశబ్దవ్యుత్పత్తియు నిదియే చెప్పుచున్నది. అభిషవార్థకమగు షుఞ్ ధాతువునకు ఔణాదిక మన్ ప్రత్యయము చేరఁగా సోమశబ్దము సిద్ధించును. పిండఁబడునది సోమము. పారసీకుల యవెస్తాయందుఁ గానవచ్చు హఓమ శబ్దమును నిదియే. సకారము వారి భాషలో హకారమగుట సుప్రసిద్ధము. కావున రెండు జాతులును విడిపోకమునుపే యీ పానీయ ముండెననుట నిస్సందేహము.

ఆ సోమము దొరకు తావు మూజవత్పర్వతమని ఋగ్వేదముననే సూచన యున్నది. యజ్ఞమున సోమమును గోవు నిచ్చి కొను విధియు, అమ్మువాని యెడ నిరసనయుఁ జూడఁగా, అది దూరమునుండి వచ్చు దుర్లభవస్తువని తేలుచున్నది. కొన్న సోమమును వ్రేళ్లతోఁ గొలుచు విధి కలదు. కొలఁత యంశువులకుఁ గాని యాకులకుఁ గాదు. అంశువనఁగాఁ గాడ. 15 ఆకుల లెక్క యా ప్రకరణమున లేదు. తిథి ననుసరించి పెరుఁగుటయు లేదు.

ఆ సోమము కాలమును ద్రిప్పునదియుఁ గాదు. అష్టమమండలమందలి 48వ సూక్తమున ఋషి సోమమును ద్రావి తా నమృతుఁ డైతినని సంతసించుచున్నాఁడు. కాని యా సూక్తముననే తన యాయువును బొడిగింపుమనియు సోమమును వేఁడుకొనుచున్నాఁడు. ఆయువును బొడిగించుట వేఱు. ముదుసలిని శిశువును జేసి మరలఁ బెంచుట వేఱు. ఋగ్వేదమున మొదటిదే కలదు. రెండవది సుశ్రుతునియందుఁ గలదు. ఈ రెంటి నడుమ నేమి జరిగినదో తెలియవలయును.

జరిగినది చంద్రునితో నభేదము. దశమమండలమందలి వివాహసూక్తమున దీనికి మొదలు కలదు. ఓషధిని దంచి త్రావినవాఁడు సోమమును ద్రావితి ననుకొనుననియు, బ్రహ్మవేత్త లెఱిఁగిన సోమము నెవ్వఁడును ద్రావఁజాలఁడనియు నందుఁ జెప్పఁబడినది. నక్షత్రముల యొడిలో నుంచఁబడిన యా సోమము చంద్రుఁడే. త్రావఁబడినకొలఁదిని మరల నిండుచుండును. అచ్చటనే మాసమునకును సంవత్సరములకును సంబంధము చెప్పఁబడినది. శతపథబ్రాహ్మణమున నీ భావము స్పష్టతరమైనది. దేవతల యన్నమగు సోమరాజు చంద్రుఁడే. అమావాస్య రాత్రి యతఁడు తూర్పునఁ గాని పడమటఁ గాని కానరాఁడు. ఆ రాత్రి యీ లోకమునకు దిగి నీటియందును ఓషధులయందును బ్రవేశించును. దీనితోఁ బిండఁబడు సోమమును, ఆకాశమునఁ గల సోమమును నొక్కటియైనవి. అమరసింహుఁడు సోమశబ్దమును జంద్రుని పేళ్లలోఁ జదివినాఁడు. ఓషధీశుఁడను పేరును జంద్రునకే చేర్చినాఁడు.

ఇప్పుడు పర్వశబ్దమును విచారింతము. అమరమున నీ శబ్దము రెండు తావులఁ గానవచ్చును. వనౌషధివర్గమునఁ బర్వమనఁగాఁ గణుపు. కాలవర్గమునఁ బర్వమనఁగాఁ బ్రతిపత్పంచదశుల నడిమి సంధి. చెఱకు గడకుఁ గణుపెట్టిదో, మాసమునకుఁ బూర్ణిమయు నమావాస్యయు నట్టివి. మన పల్లెలలోఁ బర్వదినమన్నను, చెఱకునకుఁ బర్వములన్నను నీ శబ్దమే. ఋగ్వేదప్రథమమండలము 9వ సూక్తమున సోమపర్వ శబ్దము ప్రయుక్తమైనది. అచ్చట సోమపు కణుపులో, సోమోత్సవములో యను సందేహమున కవకాశ మున్నది. అనఁగా సోమమును బర్వమును జేరినచోట నా కాలముననే యర్థద్వయమునకుఁ దావున్నది. 15 పర్వముల సోమమని చరకుఁడు చెప్పినప్పుడు వినువానికి 15 కణుపుల తీఁగయు స్ఫురించును. 15 తిథుల చంద్రుఁడును స్ఫురించును. కణుపులు పెరుఁగునే కాని దినమున కొక్కటి చొప్పునఁ దఱుఁగుట లోకమున లేదు. ఆకులు రాలుట లోకసిద్ధము. కావున సుశ్రుతపరంపరలోఁ గణుపుల స్థానమున నాకులు వచ్చినవని నా యూహ. పర్వ పర్ణ శబ్దముల శ్రుతిసామ్యమును దీనికిఁ దోడ్పడియుండవచ్చును. ఇది యూహయే కాని నిర్ణయము కాదు.

మూఁడవ శబ్దము కల. ఆకులు 15, మిగిలిన తీఁగ 1, వెరసి 16. ఈ లెక్క యెచ్చటిది? బృహదారణ్యకోపనిషత్తు ప్రథమాధ్యాయము 5వ బ్రాహ్మణమున సంవత్సరరూపుఁడగు ప్రజాపతికి 16 కలలు చెప్పఁబడినవి. రాత్రులే యాతని 15 కలలు. వానిచే నతఁడు నిండుచుఁ దఱుఁగుచు నుండును. పదునాఱవ కల ధ్రువము, అది తఱుఁగదు. అమావాస్య రాత్రి యా కలతో నతఁడు ప్రాణులన్నిటియందుఁ బ్రవేశించి మఱునాఁ డుదయమున మరలఁ బుట్టును. కావున నా రాత్రి తొండను సైతము చంపరాదని యుపనిషత్తు విధించుచున్నది. సుశ్రుతుని తీఁగ యీ ప్రజాపతికి నీడవలె నున్నది. రాలు నాకులు రాత్రులు. రాలని తీఁగ ధ్రువకల. ప్రజాపతి సంవత్సరము, సంవత్సరమనఁగాఁ గాలము. కాలమే తీఁగయై మొలచినప్పుడు దాని పాలను ద్రావినవాఁడు కాలమును జయించునని తలంచుట సహజమే కదా!

ఈ యూహకు సుశ్రుతుఁ డిచ్చిన నామావళియే గట్టి సాక్ష్యము. 24 పేళ్లలో గాయత్ర్యము, త్రైష్టుభము, పాంక్తము, జాగతము అనునవి ఛందస్సులనుండి వచ్చినవి. శాక్వర రైవతములు సామములను స్మరింపఁజేయును. అగ్నిష్టోమము సోమయాగము పేరే. చంద్రమస్సు, ఉడుపతి యనునవి చంద్రుని పేళ్లు. గరుడాహృతము స్వర్గమునుండి పక్షి సోమమును దెచ్చిన కథను జెప్పును. ముంజవంతము మూజవత్పర్వతమునకు జ్ఞాపకము. అంశుమంత మంశుశబ్దమునుండి పుట్టినది. ఇట్లించుమించు సగము పేళ్లు వేదమునుండి వచ్చినవి. కొన్నిటికిఁ గన్నులఁ గట్టినట్టి వర్ణనలు లేకపోలేదు: ఒకటి నేతి వాసన గలది, ఒకదాని యాకులు వెల్లుల్లి యాకులను బోలును, గరుడాహృతశ్వేతాక్షములు పాము కుబుసమువలెఁ జెట్ల కొనలనుండి వ్రేలాడును. కాని కుబుస మనఁగానే ముదిమిని విడిచి క్రొత్తచర్మము దాల్చుట స్ఫురించుచున్నది. వర్ణనయు ఫలమును జెప్పుటకే వచ్చినది.

సేవనవిధియు నిట్లే. సోమయాగమున దీక్షితుఁడు శాలలోఁ బ్రవేశించుట గర్భప్రవేశమని యైతరేయబ్రాహ్మణము చెప్పుచున్నది. దీక్షితుఁడు శిశువు, శాల గర్భము, యజ్ఞాంతమున నతఁడు మరలఁ బుట్టును. వైద్యుని గృహమునందలి మూఁడావరణములలో నున్నవానికి మాంసము, చర్మము, పండ్లు, గోళ్లు, వెండ్రుకలు క్రొత్తగా వచ్చుట యీ పునర్జన్మమునే దేహమునందుఁ జూపుట. యజ్ఞమున మంత్రముచే జరిగినది వైద్యమున మాంసముచే జరుగవలెనని కోరఁబడినది. వైద్యుఁడు సోమమును యజ్ఞవిధానముననే తెమ్మనుటకుఁ గారణ మిదియే.

ఇచ్చట నొక పూర్వపక్షము వచ్చును. ఇట్టి తీఁగ పూర్వము నిజముగా నుండి నశించెనేమో యని. ఇది నిలువదు. సోమము దుర్లభమగుట బ్రాహ్మణకాలముననే ప్రసిద్ధము. సోమము దొరకనిచోఁ బూతీకమును బిండవలెనని తాండ్యబ్రాహ్మణము చెప్పినది. శతపథము ఫాల్గునపుష్పము మొదలు కుశవఱకుఁ గొన్ని ప్రతినిధులను వరుసగాఁ జెప్పినది. జైమిని షష్ఠాధ్యాయమునఁ బ్రతినిధిన్యాయమును విచారించినాఁడు. వీరిలో నెవరును సోమమునకుఁ దిథి తప్పక రాలు నాకులు గల ప్రతినిధిని వెదకలేదు. అట్టి లక్షణము సోమమునకు వారి కాలమున నుండినచో నంత ముఖ్యమైన గుఱుతును విడిచి యుండెడివారు కారు. అమరకాలమునకు సోమవల్లి, అమృత యను పేళ్లు గుడూచికిఁ జెల్లినవి. గుడూచి మన కంచెలపైఁ బ్రాఁకు తిప్పతీఁగయే.

వేదసోమ మేది యను ప్రశ్న వేఱు. పారసీకుల యాచారమున హఓమమునకు నేఁటికిని ఎఫిడ్రా కాడలు వాడుకలో నున్నవి. 1968లో వాసన్ అను పండితుఁడు సోమ మొక కుక్కగొడుగని వాదించినాఁడు. 1989లో ఫాల్కు ఎఫిడ్రాను సమర్థించినాఁడు. ఆ యేఁటనే ఫ్లాటరీ, ష్వార్ట్జ్ అను నిరువురు హర్మల మొక్కను బ్రతిపాదించిరి. దక్షిణదేశమున ఋత్విజులు పాలు గల యాకులు లేని యొక తీఁగను బిండుదురు. కేరళమునఁ బాంజాళ్ గ్రామమున 1975లో జరిగిన యగ్నిచయనమునను నిదియే వాడఁబడినది. మన సీమలో దీనిని దీఁగజెముడు, కొండపాల యని యందురు. సామర్లకోటలో నుండి తెలుఁగు సీమ మొక్కలను బరిశీలించిన రాక్స్‌బరో వైద్యుఁడు తన గ్రంథమున దీనికి సోమలత యను పేరును దెలుఁగు పేరును జేర్చి వ్రాసినాఁడు. వీనిలో నేదియు సుశ్రుతుని తీఁగ కాదు. ఏది వేదసోమమైనను నా వాదమునకు హాని లేదు.

సుశ్రుతుఁడు సోమము దొరకు తావులలో హిమవంతము, సహ్యము, మహేంద్రము, మలయము మొదలగు వానితోఁ బాటు శ్రీపర్వతమును జెప్పినాఁడు. శ్రీపర్వతము మన నల్లమలలోనిది. అందువలన మన దేశమున నీ తీఁగకై వెదకువారును, అమ్మువారును మిక్కుటము. ఇది క్రొత్తయుఁ గాదు. క్రీ. శ. 7వ శతాబ్దిని బాణభట్టు కాదంబరిలో శ్రీపర్వతపు వింతలను వేలకొలఁది చెప్పు ముదుసలి ద్రవిడధార్మికుని వర్ణించినాఁడు. వాఁడు సిద్ధాంజనమువలన నొక కన్ను పోఁగొట్టుకొన్నవాఁడు. సరిగాఁ జేయని రసాయనముచే నకాలజ్వరము తెచ్చుకొన్నవాఁడు. కాలమును జయింపఁబోయినవానికి నకాలము ప్రాప్తించెనని బాణుని పరిహాసము.

నా యనుభవమొకటి చెప్పుటకు సెలవు వేఁడెదను. సుమారు ముప్పది సంవత్సరములకుఁ బూర్వము నాకు మహాభాష్యము పాఠము చెప్పుచుండిన గురువుగారికి దేహము మిక్కిలి క్షీణించినది. భాష్యము ముగియవలెనని వారికిని నాకును గాఢమైన కోరిక. నేను శ్రీశైలమునకుఁ బోయి, యొక మూలికలవాఁడు సోమలత యని యమ్మిన తీఁగను, నా చేతఁ గల రూకలన్నియు నిచ్చి కొనితెచ్చి పెరటిలో నాటితిని. శుక్లపాడ్యమినుండి యాకులు వచ్చునని వాని మాట. గురువుగారు నాతో నేమియు ననలేదు. దినదినమును సంధ్యానంతరము పెరటిలోనికిఁ బోయి చూచుచుండిరి. రెండు పక్షములు గడచినవి. ఆకు రాలేదు. అది తీఁగజెముడు, దానికి నాకులే లేవు. నేను సిగ్గుపడి పెఱికివేయఁబోఁగా, "ఉండనిమ్ము నాయనా, సోమము కాకున్నను బ్రాణము గలది కదా" యని వారించిరి. ఆ సంవత్సరాంతమునకే వారు కీర్తిశేషులైరి. భాష్యము మూఁడవ యధ్యాయము దాఁటలేదు.

ఆ దినములలో మేము చదివిన ప్రకరణము స్థానివత్సూత్రము. ఒకదాని స్థానమున వేఱొకటి వచ్చుచున్నదనఁగా మొదటిది యచ్చట ముం దుండితీరవలెనా యను శంకకుఁ బతంజలి యిచ్చిన దృష్టాంతము సోమమే. సోమస్థానమునఁ బూతీకములను బిండుమందురు. అంతమాత్రమున నచ్చట సోమము ముందుండినదని కాదని యాయన సమాధానము. క్రీ. పూ. 2వ శతాబ్దిని వ్యాకరణమునకై చెప్పిన యీ మాట వైద్యుల సోమమునకుఁ జక్కఁగా సరిపోవుచున్నది. పదునైదాకుల సోమము నెన్నఁడును నెవ్వరును బిండియుండలేదు; దాని స్థానమునఁ దిప్పతీఁగయుఁ దీఁగజెముడును వచ్చినవి. స్థాని శాస్త్రబుద్ధియందు మాత్రమే కలదు.

అంతమాత్రమున సుశ్రుతుని నసత్యవాదియనరాదు. అధర్మిష్ఠులకును, గృతఘ్నులకును, మందును ద్వేషించువారికిని సోమములు కానరావని యాయనయే చెప్పి, మఱుసటి యధ్యాయమున సోమముతో సమానవీర్యములగు 18 ఓషధులను బేర్కొన్నాఁడు. జరను స్వాభావికవ్యాధియని పేర్కొన్న వైద్యుఁడు, దానికి మందు కావలెనని కోరి, తన పూర్వులు కాలమునకుఁ గల్పించిన రూపమునే మందుగాఁ జెప్పినాఁడు. దాని నడవులలో వెదకువారు శాస్త్రమును గౌరవించుటలేదు. వంచకులకు ధన మిచ్చుచున్నారు. దానిఁ గట్టుకథయని త్రోయువారు, మూఁడు శబ్దముల చరిత్రమును జదువక విడుచుచున్నారు. ఇఁక నెవరైనను శ్రీశైలమునుండి సోమలతను దెత్తురేని, దాని యాకుల నెన్నుటకు ముందు చరకసుశ్రుతుల పాఠములను గలిపి చూడవలెనని నా విన్నపము. పర్వ పర్ణ విషయమున వ్రాఁతప్రతులను జూచిన విజ్ఞులు నా యూహను స్థాపించినను, ఖండించినను గృతజ్ఞుఁడను.